అక్కను కాదన్న రోజు

బయలుదేరేటప్పుడు నా చేతిలో ఉన్నవి ఇవి: రెండు గాడిదల మోత ఉప్పు, ఒక గొడుగు, అరిగిన చెప్పుల జత, మా అక్క మోకాళ్ల దాకా మాయమైందని చెప్పే ఉత్తరం.

ఉత్తరం రాసినవాడు అక్క దగ్గర పెద్ద శిష్యుడు విస్సన్న. దస్తూరి ముత్యాల్లా ఉంది. 'పెద్దమ్మగారు పాదాల నుంచి మొదలుపెట్టి రోజుకు బెత్తెడు చొప్పున తగ్గుతున్నారు. నొప్పి లేదంటున్నారు. మేమంతా ఎంతో గౌరవంగా చూసుకుంటున్నాం' అని రాశాడు.

దారిలో రోజూ పొద్దున్నే ఉత్తరం విప్పి చూస్తాను. మూడో రోజు, మోకాళ్లు అన్నచోట తొడలు అని ఉంది. ఏడో రోజుకు నడుము. కాగితం అదే, సిరా అదే. సరుకు ఎంత తరిగిందో అది దారిలోనే చెబుతోంది, అంతవరకు మేలే అనుకుంటాను. గాడిదలను అదిలిస్తాను.

ఎనిమిదో రోజు ఏరు అడ్డం వస్తుంది. ఏరు నిలువుగా పారుతోంది, వాకిట్లో కట్టిన తెరలాగా. చేపలు కింది నుంచి పైకి మెట్లు ఎక్కుతున్నట్టు వెళ్తున్నాయి. నేను గొడుగు విప్పి, గాడిదలను ఒకదాని వెనక ఒకటి దాని కిందుగా దాటిస్తాను. ఉప్పు తడవదు. ఇటువైపు వచ్చి చూస్తే ఉత్తరంలో రొమ్ము దాకా అని ఉంది.

మా అక్క పేరు నాంచారమ్మ. నాకంటే ఆరేళ్లు పెద్దది. ముప్పై ఏళ్ల కిందట ఎదుర్లపాడు వెళ్లి అక్కడి కాదుసావడిలో చేరింది. ఇప్పుడు ఆ సావడికి ఆమే పెద్ద.

ఎదుర్లపాడు వాళ్లది కాదు దర్శనం. లోకంలో మొట్టమొదట పుట్టింది ఒక 'కాదు' అనీ, దానికి జవాబు చెప్పడానికే రాయి లేచిందనీ, రాయిని కాదనడానికి నీళ్లు వచ్చాయనీ వాళ్ల నమ్మకం. ఎవరైనా కాదన్నదే ఉంటుంది. ఎవరూ కాదననిది పలచబడి, చివరికి పోతుంది. అందుకని అక్కడ ప్రతి మనిషికీ ఒక అడ్డుమనిషి ఉంటాడు. తెల్లవారగానే వచ్చి గడప ముందు నిలబడి "నువ్వు లేవు" అంటాడు. ఇంటి మనిషి "ఎందుకు లేను?" అని అందుకుంటాడు. ఇద్దరూ గొంతు బొంగురుపోయేదాకా వాదించుకుని, మజ్జిగ తాగి, ఎవరి పనికి వాళ్లు పోతారు. నేను లోగడ చూసినప్పుడు ఆ ఊరి జనం రోకలిబండల్లా ఉండేవాళ్లు. ఒక ముసలమ్మ నా గాడిదను భుజంతో పక్కకు జరిపి, దారి చేసుకుని వెళ్లింది.

పదకొండో రోజు మధ్యాహ్నం ఊరి వాకిలి చేరుకుంటాను. ఆ తలుపు తెరుచుకోవాలంటే దాన్ని వాకిలి కాదనాలి. కాపలావాడు చేతులు కట్టుకుని, "అమ్మా వాకిలీ, మన్నించల్ల. తమరు వాకిలి కారేమోనని మాకు రవ్వంత అనుమానం" అంటాడు. తలుపు జానెడు తెరుచుకుని ఆగిపోతుంది. అందులో గాడిద మూతి మాత్రం పడుతుంది.

"ఇట్లనా కాదనేది?" అని అడుగుతాను.

"గెట్టిగా అంటే నొచ్చుకుంటాదేమోనని సామీ. పోయిన అమాస నుంచి ఊరంతా మర్యాద నేర్చుకుంటాండాం."

అతని ముఖానికి ఏ రంగూ లేదు. నేను తలుపు వైపు తిరుగుతాను.

"ఇదా వాకిలి? మా ఊళ్లో కోళ్లగంపకు ఇంతకంటే మంచి మూత ఉండాది."

తలుపు అదిరిపడి, రెండు రెక్కలూ గోడకు కొట్టుకునేలా తెరుచుకుంటుంది. కాపలావాడి చెవులు ఎర్రబడతాయి.

లోపల అంగడి వీధి. వంకాయల గుండా తట్ట కనిపిస్తోంది, తట్ట గుండా వెనకున్న గోడ కనిపిస్తోంది. ఒకావిడ కుండలు పెట్టుకుని కూర్చుంది. పేరు పేరిందేవి అని తర్వాత తెలుస్తుంది. ఒక కుండ ఎత్తి చూస్తాను. దాని అవతలున్న ఆమె ముక్కుపుడక ఇవతలికి స్పష్టంగా కనిపిస్తోంది.

"ఎంతకిస్తావమ్మా?"

"మీ ఇష్టం సామీ. మీరెంతంటే అంత."

ఇరవై ఎనిమిదేళ్ల వ్యాపారంలో ఇంత భయపెట్టిన మాట నేను వినలేదు.

"చిటికెడు ఉప్పిస్తా."

"తమరి మాటే నాయం" అంటుందామె. కుండ అంచు పోతుంది.

నాకు విషయం అర్థమవుతుంది. కుండను తిప్పి, కొట్టి, వాసన చూసి, పెదవి విరుస్తాను.

"చిటికెడు కూడా దండగే. నీళ్లు పోస్తే నీళ్లే దీన్ని మోయల్ల. ఎవురు చేసిండేది?"

"నేనే సామీ."

"అనుకుంటి. మట్టి తొక్కినావా, మట్టికి దండం పెట్టి ఊరకుండినావా?"

ఆమె తల ఎత్తుతుంది. "ఏమంటివి?"

"మట్టి తొక్కినావా అంటి."

"ఒరే ఉప్పోడా! మూడు పొద్దులు తొక్కినా. నీ అట్లాంటోడు అందులో పడింటే ఎముక కూడా మిగిలిండదు, అంత తొక్కినా. చిటికెడంట! నీ ఉప్పులో సగం ఇసకే కదరా!"

"ఇసక నీ కుండలో ఉండాది."

"రెండు దోసిళ్లు చెబుదామనుకుంటి. ఇప్పుడు నాలుగు. ఇస్తే ఇయ్యి, లేకుంటే కుండ కింద పెట్టి నడువు!"

ఒక్కొక్క మాటకు కుండ ఒక్కొక్క పొర ఎక్కుతుంది. ముందు మబ్బు రంగు, ఆ తర్వాత బెల్లం రంగు, చివరికి కాలిన ఇటుక రంగు. వేలితో కొడితే ఖంగున మోగుతుంది. నాలుగు దోసిళ్లూ కొలిచి ఇస్తాను. అడిగినంతా ఇచ్చిన బేరం నా బతుకులో ఇదొక్కటే. అయినా ఇందులో నాకు నష్టం లేదు. సరుకును తీసిపారేసేవాడే దాన్ని పట్టి చూస్తాడు. ఈ ఊరికి ఏ జబ్బు చేసిందో నాకు తెలిసింది, మందు నా నోట్లోనే ఉంది.

"యాడికి పోతాండావ్? నేనింకా అయిపోలా!" అంటూ పేరిందేవి నా వెనకే వస్తుంది.

కాదుసావడి పొడవైన ఇల్లు. జనం వంగి దండాలు పెడుతూ అక్క వైపు నడుస్తున్నారు. ఒక్కొక్క దండానికి సావడి మూరెడు పొడవు పెరుగుతోంది. పొద్దున బయలుదేరినవాళ్లు ఇంకా గుమ్మం దగ్గరే ఉన్నారు. నేను దండం పెట్టకుండా నడుస్తాను. పదకొండు అడుగుల్లో చేరిపోతాను.

పీట మీద అక్క తల ఉంది, మెడ ఉంది. కింద ఏమీ లేదు. చీర మడత పెట్టి పక్కన ఉంచారు.

"ఏమిరా గురవప్పా, ఉప్పు తడిసెనా?"

"తడవలేదక్కా."

"చెప్పులు మార్చు. బిచ్చగాడి మాదిరి ఉండావు."

విస్సన్న దగ్గరకు వచ్చి నమస్కారం పెడతాడు. సన్నటి మనిషి, అతని వెనక స్తంభం మీది బొమ్మలు అతని గుండా కనిపిస్తున్నాయి.

"అక్క అడ్డుమనిషి ఏమైనాడు?" అని అడుగుతాను.

"పోయిన అమాసకు కాలం చేసినాడయ్యా."

"ఇంకొకర్ని పెట్టలేదా?"

"పెద్దమ్మగారిని కాదనే అర్హత మాలో ఎవురికుందయ్యా? అందుకే రోజూ పొద్దున్నే అందరమూ వచ్చి, తమరు ఉన్నారు, తమరు ఉన్నారు అని నూటపన్నెండు మార్లు మొక్కుతాండాం. ఈ పొద్దు ఊరు ఊరంతా వచ్చినాది. పొద్దు వాలేలోపల నెత్తి దాకా అయిపోతాది. పూలు కూడా తెప్పించినాం."

"మీరేరా ఆమెను తినేస్తాండేది!"

"తమరు చెప్పింది నిజం" అంటాడు విస్సన్న. "నిజం, నిజం" అంటుంది సావడి అంతా.

నా ఎడమ భుజం తేలికవుతుంది. చూసుకుంటే చొక్కా గుండా గోడ కనిపిస్తోంది. ఈ ఊళ్లో ఒప్పుకోవడం అంటువ్యాధి. ఆలస్యం చేస్తే ఇద్దరం పోతాం.

అంగడిలో పనిచేసిన మందే తీస్తాను. అక్క చుట్టూ తిరిగి పెదవి విరుస్తాను.

"నువ్వు మా అక్కవే కాదు. మా అక్క ఇంత పొట్టిది కాదు. ఈ తలకు ఎవురైనా పీట వేస్తారా?"

అక్క ఎడమ చేతి చిటికెనవేలు గాలిలో కనిపిస్తుంది. ఒక్క క్షణం నిలిచి, ఆరిపోతుంది.

"బేరమాడొద్దురా" అంటుంది అక్క. "నేనుండల్లని కదా నన్ను కాదంటాండావ్. పైకి కాదు, లోపలంతా అవునే. దానికి బరువుండదు. నిజ్జంగా కాదన్నదే పనిచేస్తాది."

"పెద్దమ్మగారు చెప్పింది నిజం" అంటారు శిష్యులు. ఆ మాటతో అక్క మెడ, ఆ వెంటే గడ్డం పోతాయి.

కింది పెదవి ఉందో లేదో తెలియకుండా ఆమె నన్ను చూసి నవ్వుతుంది. బయట ఎండ గోడ మీద మూరెడు జారింది. నేను నా దగ్గరున్న కాదులన్నీ ఒకసారి తిరగేస్తాను. అమ్ముకోవడానికి చెప్పినవి, కొనుక్కోవడానికి చెప్పినవి, మొహమాటానికి చెప్పినవి. అన్నిటికిందా, ఇంతవరకు ఎవరి ముందూ పరచనిది ఒకటుంది. ముప్పై ఏళ్లుగా అక్క నొచ్చుకుంటుందని లోపలే పెట్టుకున్నాను.

"అక్కా, నీ దర్శనం తప్పు."

సావడి అంతా నా వైపు తిరుగుతుంది. వీళ్లు వాకిలిని కాదన్నవాళ్లు, బావిని కాదన్నవాళ్లు, సూర్యుణ్ణి వంతులవారీగా కాదన్నవాళ్లు. కాదనే మాటను కాదనాలని ఇంతవరకు ఒక్కరికీ తోచలేదు.

అక్క కళ్లు చిన్నవవుతాయి. "మల్లా చెప్పు."

"తప్పు. కాదన్నందుకు ఏదీ ఉండదు. కావల్లన్నందుకు ఉంటాది. ఎవురికీ అక్కర్లేని సరుకు కొట్లో కుప్ప పోసినా లేనట్లే. బేరమాడేవాడు కాదనేది ఎందుకు? కావల్లని. కాదు అనేది పైన పొట్టు. కావల్ల అనేది లోపల గింజ. మీరంతా ఇన్నేండ్లూ పొట్టు దంచినారు. నేను పదకొండు దినాలు నడిచి వచ్చింది నిన్నెవురో లేవన్నారని కాదు. నువ్వు నాకు కావల్లని."

అక్క గడ్డం వచ్చేస్తుంది, ముందుకు పొడుచుకుని, చిన్నప్పుడు పోట్లాటకు దిగే ముందు ఉండేటట్టు.

"కావల్లంటే వచ్చేస్తాదా? అమ్మ పోయినప్పుడు కావల్ల కావల్ల అని ఆరు నెలలు ఏడిస్తివే. వచ్చిందా?"

ఈ ప్రశ్న నేను ఏ ఊళ్లోనూ ఎదుర్కోలేదు.

"రాలేదు."

"మల్ల?"

"అమ్మ ఉప్పు కొలిస్తే మానిక మీద గోపురం నిల్చేది. నువ్వేమో అంచుకు చదును చెయ్యి, చదును చెయ్యి అని ఆమెతో తగవు పడేదానివి. నేను ఈ పొద్దుకూ గోపురంగానే కొలుస్తా. నలభై ఊళ్లలో ఏ ఇంట్లో జాడీ మూత తీసినా అమ్మ చెయ్యి పోసిన ఉప్పే ఉండాది. ఆమెను ఒక్కరు కూడా కాదనలేదు. కావల్లనేవాణ్ణి నేనొక్కణ్ణే. ఉందక్కా ఆమె."

"అది ఉండడం కాదురా! అది నీ నష్టం!"

ఆ మాట అనడానికి వేలు చూపించాలి కాబట్టి కుడి చెయ్యి వస్తుంది. చేతికి భుజం కావాలి కాబట్టి భుజం వస్తుంది.

"ఇరవై ఎనిమిదేండ్లు గోపురం పోసి పోసి ఎన్ని బస్తాలు పారబోసినావో తెల్సునా? దానికి అమ్మ పేరు పెట్టుకుంటివా? అలవాటును పట్టుకుని మనిషంటావా? ఎవుడ్రా నీకు తర్కం నేర్పింది, గాడిదా?"

"గాడిదే నయం. నిజం కాదనుకుంటే కదలకుండా నిలబడిపోతాది. నీ శిష్యులకు అది కూడా చేతకాలా."

"నా శిష్యులను అంటావా!"

ఆమె లేచి నిలబడుతుంది. లేవడానికి కాళ్లు కావాలి. ఉన్నాయి. రెండూ ఉన్నాయి, కుడి మడమ మీద చిన్నప్పటి కొడవలి గాటుతో సహా. పేరిందేవి చీర అందుకుని రెండు చుట్లు చుట్టేస్తుంది. అక్క దాన్ని గమనించకుండా వాదిస్తూనే కుచ్చిళ్లు దోపుకుంటుంది.

విస్సన్న చేతులు జోడిస్తాడు. "పెద్దమ్మగారు చెప్పింది ని..."

"నోరు ముయ్యి!" అంటుంది పేరిందేవి. "ఆమె చెప్పింది తప్పే. గోపురంగా పోసేవోని కాడికే జనం మల్లా వస్తారు. అది నష్టమెట్లవుతాది?"

"లేదు!" అంటాడు విస్సన్న. తన గొంతు విని తనే ఉలిక్కిపడతాడు. చుట్టూ చూసి, ఇంకొంచెం గట్టిగా, "లేదు! పెద్దమ్మగారిదీ తప్పే, ఉప్పాయనదీ తప్పే! మానిక సంగతి నేను చెప్తా వినండి!" అంటాడు. అతని వెనకున్న స్తంభం కనిపించకుండా పోతుంది.

ఆ తర్వాత ఎవరు ఎవరిని కాదంటున్నారో తెలియదు. పూలదండలు మెడల్లో పడ్డాయి, తెగాయి. సావడి ఒక్కొక్క 'కాదు'కు ఒక్కొక్క మూర కుదించుకుంటూ వచ్చి, మనుషులు ఒకరి మొహం ఒకరు చూసుకునేంత ఇల్లుగా మారుతుంది. పొద్దునుంచీ నడుస్తున్నవాళ్లంతా ఒక్కసారిగా వచ్చి చేరతారు.

అప్పుడు ఊరు దిగుతుంది.

నాలుగు వేళ్ల ఎత్తు దిగుతుంది, ఒకే దెబ్బతో. ఇంతకాలం ఎదుర్లపాడు కింద నేల లేదు. సావడులు, అంగళ్లు, బావులు అన్నీ నాలుగు వేళ్ల ఎత్తున ఆగి ఉన్నాయి, ఎవరూ కిందికి చూడలేదు. వాళ్ల దర్శనాన్ని వాళ్లు కాదనలేదు కనుక అది లేదు, అది లేదు కనుక కింద నేల లేదు. ఇప్పుడు ఉంది. అందరూ ఒక అడుగు వేసి చూస్తారు. చప్పుడవుతుంది. ఇంకొక అడుగు వేస్తారు. అరవై ఏళ్ల ముసలివాళ్లు తమ పాదాల చప్పుడు మొదటిసారి విని, నవ్వుతూ సావడి చుట్టూ గిరగిరా తిరుగుతున్నారు. వీధి వీధంతా ధనధనమని మోగుతోంది.

ఆ చప్పుడులో, సావడి పడమటి గోడలోంచి, గోడ పగలకుండా, ఒక కొండ లోపలికి వస్తుంది.

పెద్ద కొండేమీ కాదు. రెండు తాటిచెట్ల ఎత్తు ఉంటుంది. ఒంటి నిండా చెమ్మ, అక్కడక్కడా లేతగడ్డి. కప్పు కింద ఎలా పట్టిందని ఎవరూ అడగరు. పశువుల సంతలో ఎద్దును చూసినట్టు అక్క దాని చుట్టూ తిరుగుతుంది, వీపు తడుతుంది, కింద వంగి చూస్తుంది.

"ఇదేరా నా కాదు దర్శనం" అంటుంది. "ముప్పై ఏండ్లు దీని గురించే చెప్తి. చూసేది ఇదే మొదులు."

"ఎట్లుంది?"

"నేననుకున్న దానికంటే రవ్వంత పొట్టి. అయినా మంచి జాతి."

కొండ గొంతు సవరించుకుంటుంది. కొన్ని గులకరాళ్లు రాలతాయి.

"నన్ను కాదన్నవాడెవడు?"

సావడి అంతా నన్ను చూపిస్తుంది.

"అయితే నీకు నేనే అడ్డుమనిషిని" అంటుంది కొండ. "కాదనిపించుకున్నవాళ్లకు కాదనే హక్కుంటుంది. రేపు పొద్దుటి నుంచి వస్తాను."

నేను ఊళ్లు తిరిగేవాణ్ణి, ఒకచోట ఉండను అని చెబుతాను. తనకు నడక వచ్చు అంటుంది. చూపిస్తుంది కూడా.

అక్కకు అడ్డుమనిషి ఎవరన్నది తేలడానికి ఎక్కువ సేపు పట్టదు. అర్హత గురించి విస్సన్న ఏదో మొదలుపెట్టేలోపే, పేరిందేవి కొంగు దోపుకుని పీట ముందుకు వచ్చి నిలబడుతుంది.

"పెద్దమ్మా, రేపు పొద్దున్నే వస్తా. నీ గొంతు పగిలిన కుండ మాదిరి ఉండాది. నువ్వు లేవని చెప్పేదానికి ఆ గొంతు చాలు."

"నీకు కుండలు చేయడమే రాదు, నన్ను కాదంటావా?" అంటుంది అక్క. చెక్కిళ్లు నిండి, రంగు తిరిగి, పదేళ్లు వెనక్కి వెళ్లిన ముఖంతో అంటుంది.

మజ్జిగ వస్తుంది. అందరం తాగుతాం. అక్క నన్ను ఊరి వాకిలి దాకా సాగనంపుతుంది. ఆమె అడుగులు నా అడుగుల కంటే గట్టిగా మోగుతున్నాయి.

"నువ్వు చెప్పింది తప్పేరా" అంటుంది.

"వచ్చే ఏడు వచ్చి మల్లా చెప్తా."

"రా. ఒప్పుకునేదానికి మాత్రం రావద్దు."

ఆమె నా తల మీద ఒకటి మొడుతుంది. నొప్పి పుడుతుంది. ఆ నొప్పి చెవి దాకా దిగేవరకు అక్కడే నిలబడి పూర్తిగా అనుభవిస్తాను.

లెక్క చూసుకుంటాను. వచ్చినవి: నెత్తి నుంచి మడమ దాకా నిండుగా ఉన్న అక్క. తన అడుగుల చప్పుడు తాను వినే ఊరు. తెగని వాదం ఒకటి, ఎన్నేళ్లు నిల్వ పెట్టినా చెడిపోదు. వెనకే నడిచే కొండ.

మరునాడు పొద్దున్నే కొండ వచ్చి నా ముందు నిలబడి "నువ్వు లేవు" అంటుంది. ఎందుకు లేనని నేను అందుకుంటాను. ఎండ నడినెత్తికి వచ్చేదాకా వాదించుకుంటాం. లేచి నడుస్తుంటే, నా పాదం దారిలో బెత్తెడు లోతు దిగుతోంది. వెనక్కి చూస్తే, నేను వేసిన ప్రతి అడుగులోనూ గుప్పెడంత కొండ ఒకటి, ఒళ్లు విరుచుకుంటూ లేచి, నన్ను గుర్తుపట్టి, నోరు తెరుస్తోంది.

ఇప్పటికి నూట నలభై కొండలు. అన్నీ నావే. ఒక్కటీ నన్ను ఒప్పుకోవడం లేదు.